పెరటి తాటిచెట్టు – పరద్వీపపు పొగ

2025వ సంవత్సరము జూలై 24వ తేదీన మన కేంద్ర ప్రభుత్వమువారు బ్రిటిషు ప్రభుత్వముతో నొక వర్తకపు టొడంబడికపై చేవ్రాలు చేసిరి. అందు ననేక విషయములు గలవు. కాని మన పట్టణములలో జనుల నోట మిక్కిలిగా నానిన విషయ మొక్కటే. స్కాచి విస్కీపై నూటికి 150 వంతున నున్న దిగుమతి సుంకము, ఒడంబడిక యమలునకు వచ్చుటతోడనే 75 వంతునకు తగ్గుననియు, పదవ యేటికి 40 వంతునకు దిగుననియు అందు వ్రాసికొనిరి. ఈ వార్త విని కొందరు సీసా వెల యెంత తగ్గునని లెక్కలు గట్టిరి. కొందరు స్వదేశపు మద్య వర్తకుల గతి యేమగునని వగచిరి. ఈ రెండు లెక్కలలోను చేరని మనుష్యు డొకడు గలడు. ఆతడు తెల్లవారుజామున మోకు ముస్తాదు తగిలించుకొని తాటిచెట్టెక్కు గీత కార్మికుడు. ఆతనిగూర్చి మాటాడినవారు లేరు. కావుననే మేము మాటాడదలచితిమి.

మా వాదమును ముందే చెప్పివేసెదము. పరదేశపు పానమును దాని పుట్టుకనుబట్టియు, మన చెట్టును దాని దోషమునుబట్టియు తూచుట న్యాయము గాదు. రెంటికిని తూనిక యొక్కటే యుండవలెను. మద్యము కీడైనచో ఏ సీసాలో నున్నను కీడే. నేల పంటకును చేతి పనికిని గౌరవ మున్నచో, ఏ దేశపు నేలకైనను ఆ గౌరవము చెల్లవలసినదే.

స్కాట్లండు పడమటి సముద్రములో ఐలా యను ద్వీప మొకటి గలదు. అందు మూడు వేలకు కొంచెము పైబడిన జనము నివసించుచున్నారు. గాలి, వాన, చిత్తడి నేల, ఇవియే దాని సంపద. ఆ చిత్తడిలో నాచును గడ్డియు వేలయేండ్లుగా పూర్తిగ క్రుళ్లక, పొరపై పొరగా నడగి గట్టిపడిన నల్లమట్టి యున్నది. దానిని పీటు అందురు. అది యేటి కించుమించు ఒక్క మిల్లీమీటరు మాత్రమే పెరుగును. వంటచెరకు కరవైన పేదలు దానిని ఇటుకలవలె కోసి, యారబెట్టి, పొయ్యిలో వాడుకొనిరి. బార్లీ గింజలను నానబెట్టి మొలకెత్తించి, ఆ మొలకగింజలను ఆ మట్టి పొగపై నార్చిరి. ఆ పొగ గింజకు పట్టినది. గింజనుండి పులిసిన ద్రవమునకును, ద్రవమునుండి రాగి బట్టిలో రెండుమారులు దింపిన సారాకును, సారానుండి ఓకుచెక్క పీపాలో నేండ్ల తరబడి మ్రగ్గిన విస్కీకిని సంక్రమించినది. క్రొత్తవారికి అది ఆసుపత్రి మందు వాసనవలె తోచును. అట్టి వాసనయే నేడు దాని ఘనతగా చెల్లుచున్నది. పేదవాని పొయ్యి పొగ ధనికుల గ్లాసులో గుబాళించుచున్నది!

ఆ ద్వీపమున 2005లో కిల్‌హోమన్ అను క్రొత్త బట్టి యొకటి వెలసినది. అంతకుముందు తరముల తరబడి అక్కడ క్రొత్త బట్టి లేచి యుండలేదు. దానిని స్థాపించినవారు సామాన్యముగ వర్తకులు చేయునట్లు బయటినుండి సరకు దెప్పించి పేరు మాత్రము ద్వీపముది పెట్టుకొనలేదు. పొలముగట్టుననే బట్టి కట్టిరి. పొలములోనే బార్లీ పండించిరి. దానిలో కొంత పాతకాలపు పద్ధతిని నేలపై పరచి మొలకెత్తించి, పీటు పొగపై నార్చిరి. వారి తొలి విస్కీ 2009లో గాని బజారు మొగము చూడలేదు. విత్తునుండి సీసావరకు సమస్తమును ఆ ద్వీపమందే జరిగిన సరకును 2011నుండి ప్రత్యేకముగ నమ్ముచున్నారు. చిన్న పొలము, చిన్న బట్టి. అయినను లోకమంతట దానికి గిరాకి కలదు. కారణమేమి? ఆ సీసాలో నున్నది ఆ ద్వీపమే యని కొనువాడు నమ్ముచున్నాడు.

ఈ నమ్మకము గాలిలో పుట్టినది కాదు. దాని వెనుక చట్టము నిలిచియున్నది. న్యాయవాద వృత్తిలో నున్న మాకు విస్కీ రుచికంటె దాని చట్టమే యెక్కువ యాసక్తి కలిగించుచున్నది. 2009 నాటి స్కాచి విస్కీ నిబంధనల ప్రకారము ఆ పేరు పెట్టుకొను మద్యము స్కాట్లండులోనే బట్టి దిగవలెను, అక్కడనే ఓకు పీపాలలో మూడేండ్లకు తక్కువ కాకుండ మ్రగ్గవలెను. ‘సింగిల్ మాల్టు’ అనిపించుకొనవలెనన్న, మొలకెత్తిన బార్లీనుండి మాత్రమే, ఒక్క బట్టిలోనే తయారుకావలెను. మన దేశములో విస్కీ పేర అమ్ముడుపోవు దానిలో అధికభాగము చెరకు మడ్డినుండి దింపిన సారాయే. దానిని ఐరోపా సమాజపు దేశములలో విస్కీ యని యమ్మనీయరు.

పేరుపై వారి కాపలా యెంత గట్టిదో యొక దృష్టాంతము చెప్పెదము. బెంగుళూరి ఖోడే కంపెనీవారు ‘పీటర్ స్కాట్’ అను పేర విస్కీ యమ్ముచుండగా, ఆ ‘స్కాట్’ అను మాట తమదని స్కాచి విస్కీ సంఘమువారు మన న్యాయస్థానముల కెక్కిరి. ఏండ్ల తరబడి వ్యాజ్యము నడచినది. 2008లో సుప్రీముకోర్టువారు సంఘమునకు వ్యతిరేకముగ తీర్పు చెప్పిరి. కారణము, ఆ సంఘము సంగతి తెలిసియు చిరకాల మూరకుండి ఆలస్యముగ వచ్చుట. నిద్రించువానికి న్యాయస్థానము తోడ్పడదన్న పాతసూత్రమే అక్కడ పనిచేసినది. ఒక్క మాటకొరకు సముద్రములు దాటి వచ్చి వ్యాజ్యమాడిన జాతికే ఆలస్యమువలన అపజయము కలిగినప్పుడు, అసలు మేలుకొననే మేలుకొనని మన గతి యేమి?

ఇక శంషాబాదునకు రండు. 2008 మార్చిలో హైదరాబాదు విమానాశ్రయము బేగంపేటనుండి ఇక్కడికి తరలివచ్చినది. ఐదువేల యెకరములకు పైబడిన నేలపై, లోకములోని మేలైన విమానాశ్రయములతో సరితూగునట్లు దానిని కట్టిరి. అది మనకు గర్వకారణమే. విదేశములనుండి దిగిన ప్రయాణికుడు సామాను కొరకు పోవు దారిలో సుంకము లేని యంగడి యున్నది. అద్దముల బీరువాలు, మెత్తని దీపములు. ఒక్కొక్కరు రెండు లీటర్ల మద్యమును సుంకము చెల్లింపకయే యింటికి దీసికొనిపోవచ్చునని మన కస్టమ్సు నిబంధనలే సెలవిచ్చుచున్నవి. నూటయేబది వంతుల సుంకము గట్టిన సీసానే రాజవీథిలో సుంకము లేకుండ చేతికందించు మర్యాద యది! పొగవాసన గల ద్వీపపు సీసాల నక్కడ పసిబిడ్డలవలె పండుకొనబెట్టి యుంచుదురు.

ఆ గోడ దాటినచో నేమున్నది? శంషాబాదు చుట్టుప్రక్కల గ్రామములలో, వలయ రహదారి యొరయ, వెంచరు బండలు పాతిన పొలముల గట్లమీద, ఇంకను మిగిలిన తాళ్లును ఈదులును గలవు. ఆ చెట్లనుండి దిగు నీరు తెల్లవారకముందు తియ్యని నీరా. ప్రొద్దెక్కినకొలది తనంతట పులిసి కల్లగును. మరునాటికి పులుసెక్కి చెడును. అందు బట్టి లేదు, పొయ్యి లేదు, పొగ లేదు. పన్నెండు పదునైదేండ్లు కాచుకొన్నగాని తాడు చేతికి రాదు. వచ్చినపిమ్మట తరములవరకు పోషించును. గీత గీసినందున చెట్టు చావదు. ఐలా ద్వీపపు పీటు ఒకమారు త్రవ్విన చోట మరల పెరుగుటకు వేలయేండ్లు పట్టును. మన చెట్టు రేపు ప్రొద్దున మరల లొట్టి నింపును. అయినను దానికి బీరువా లేదు, దీపము లేదు. చెట్టెక్కువాడు జారిపడి నడుము విరిగినప్పుడు మాత్రము పత్రికలో రెండు పంక్తులు గలవు. పెరటిచెట్టు మందునకు పనికిరాదన్న సామెత మనవారు వట్టిగా పుట్టింపలేదు.

ప్రభుత్వము మద్యముపట్ల విరక్తితో నిట్లు చేయుచున్నదని యెవరైన ననవచ్చును. ఆ విరక్తి యెంతటిదో లెక్కలే చెప్పును. 2025 చివర తెలంగాణములోని 2,620 మద్యపు దుకాణములకు లాటరీ వేసిరి. ఒక్కొక్క దరఖాస్తునకు మూడు లక్షల రూపాయలు, తిరిగి యీయని రుసుము. తొంబదియైదు వేలకు పైబడి దరఖాస్తులు వచ్చినవి. గుణించి చూచుకొనుడు. ఒక్క సీసా యైన నమ్ముడుపోకముందే రెండువేల ఎనిమిదివందల కోట్లకు పైగా బొక్కసమున జమ! దరఖాస్తులు మిక్కిలిగా వచ్చిన విభాగములలో శంషాబాదు విభాగ మొకటి. 2021నుండి ఈ దుకాణములలో నూటికి 15 గౌడ సోదరులకు ప్రత్యేకించినారు. మంచిదే. కాని దాని యర్థము గ్రహించితిరా? చెట్టెక్కి బ్రతికినవానిని చెట్టు దింపి, సీసాల కొట్టుముందు కూర్చుండబెట్టుట. లాటరీలో నెగ్గినది పదిమంది యైనచో, మోకుతో మిగిలినవారు వేలు. ఇది యుద్ధారకమా? వృత్తిని విడిచిపెట్టుటకు చెల్లించు పరిహారమా?

ఇట మమ్ము నిలదీయువారుందురు. “మీరు జాతీయవాదులు. మీ పెద్దలు కల్లు దుకాణములయొద్ద పికెటింగు చేసిరి. ఇప్పుడు కల్లు పక్షమున వకాల్తా పుచ్చుకొంటిరా?” అని యడుగుదురు. మా వకాల్తా యెవరిదో స్పష్టముగ చెప్పెదము. 1947లో హైదరాబాదు స్టేటు కాంగ్రెసు సత్యాగ్రహులు ఊరూర తాటిచెట్లను ఈతచెట్లను నరికిరి. అది చెట్టుపై కోపము గాదు. నిజాము ప్రభుత్వపు ఆబ్కారీ రాబడి ఆ చెట్టుమీదనే నిలిచియుండెను గావున ఆ రాబడిని కొట్టిరి. దొరతనము పోయినది. రాబడిపై నాశ మాత్రము పోలేదు! 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట స్త్రీలు సారాపై తిరుగబడిరి. దానిఫలముగ 1993లో ఆంధ్రప్రదేశములో సారా నిషిద్ధమైనది. 1995లో సంపూర్ణ మద్యనిషేధము వచ్చినది. 1997లో దానిని సడలించిరి. ఆ స్త్రీలు కోరినది కాపురములు నిలుచుట. వారికి దక్కినది సారా సంచికి మారుగా సీసా. మన రాజ్యాంగములోని 47వ యధికరణము ఆరోగ్యమునకు హానికరమగు మత్తుపానీయముల నిషేధమునకై ప్రభుత్వము పాటుపడవలెనని చెప్పుచున్నది. ఆ యధికరణములో పరదేశపు సీసాకు మినహాయింపు మాకు కానరాలేదు.

కావున మేము కల్లును పొగడువారము గాము. విస్కీని పొగడువారమును గాము. త్రాగినవాని ఆలుబిడ్డల కన్నీటికి బార్లీ యనియు తాడనియు భేదము లేదు. మా ఫిర్యాదు వేరు. ఒకే దోషము చేసిన యిద్దరిలో నొకనికి పీటయు నొకనికి బోనును వేయు న్యాయాధిపతిపై మా ఫిర్యాదు. అంతేకాదు, ఆ బోనులోనివానియొద్ద నిర్దోషియగు బిడ్డ యొకటి యున్నది. దాని పేరు నీరా. దానినిగూడ బోనులోనికే ఈడ్చుచున్నారు. తాటిచెట్టు క్రింద పాలు త్రాగినను కల్లేయన్న లోకము మనది. అక్కడ నిజముగ పాలవంటి పానము త్రాగినను ఆ నిందయే దక్కుచున్నది.

రెండవ యాక్షేపణ మరింత బలమైనది. కల్లు కల్తీమయమనుట. నిజమే. నిద్రమందులును, క్లోరల్ హైడ్రేటు, ఆల్ప్రజోలాము వంటి విషములును కలిపి కల్లు పేర నమ్ము దుర్మార్గులు గలరు. 2025 జూలైలో హైదరాబాదులోని కూకటిపల్లి ప్రాంతమున అట్టి కల్లు త్రాగి పలువురు ప్రాణములు గోల్పోయిరి. చెట్లు లేని పట్టణమున పీపాలకు పీపాలు కల్లు ఎక్కడనుండి పారునని అడుగవలసినవా రడుగలేదు. ఆ హంతకులకు కఠినశిక్ష పడవలసినదే. కాని కల్తీకి మందు పేరును చంపుట గాదు, పేరును కాపాడుట. స్కాట్లండు చరిత్రయే సాక్షి. అక్కడి కొండసీమలలో విస్కీ యొకప్పుడు దొంగచాటు సరకు. బట్టీలు గుహలలోను వాగుల యొడ్డునను దాగియుండెడివి. సుంకపు ఉద్యోగులకును గ్రామస్థులకును నిత్యము పోరాటము. 1823లో చట్టము మార్చి, సుంకము తగ్గించి, లైసెన్సు నందుబాటులోనికి దెచ్చిరి. దొంగబట్టి క్రమముగ నంతరించినది. వెలుగులోనికి వచ్చిన బట్టి తన పేరు కొరకు తానే కల్తీని తరిమినది. పేరు లేని సరకునే కల్తీ పట్టును. పేరున్న సరకునకు యజమాను లుందురు. వారు కాపలా కాయుదురు.

మూడవ యాక్షేపణ మన నవనాగరికులది. “మన దేశములోనే సింగిల్ మాల్టు తయారగుచున్నది గదా! బెంగుళూరి అమృత్ వారు 2004లో గ్లాస్గో నగరమునకే తమ సరకును దీసికొనిపోయి స్కాటులయెదుట నిలిపిరి. ఇంతకంటె స్వదేశాభిమాన మేమి?” అందురు. ఆ సాహసమును మేము తక్కువ చేయము. బెంగుళూరి యెండలో పీపానుండి యేటికి నూటికి పదివంతులకు పైగా ఆవిరియై పోవును. స్కాట్లండులో పోవునది రెండు వంతులు మాత్రమే. అట్టి యెండలో సరకును నిలబెట్టుట గొప్ప నేర్పు. కాని వారి పొగవాసన సరకునకు పొగ యెక్కడిది? పీటు పొగపై నార్చిన బార్లీని స్కాట్లండునుండియే తెప్పింతురు. తప్పులేదు. మనకు పీటు లేదు. ఒకరి నేల వాసనను మనము దిగుమతి చేసికొనగలము గాని దానికి హక్కుదారులము గాలేము. మన నేలకు వాసన లేదా? ఉన్నది. దాని హక్కును మనమే వదలుకొనుచున్నాము.

గోవా ప్రజలు తమ ఫెనీకి 2009లో భౌగోళిక గుర్తింపు సంపాదించిరి. మత్తుపానముమాట అట్లుండనిండు. తమిళ సోదరులు ఉడన్‌గుడి తాటిబెల్లమునకు 2023లో ఆ గుర్తింపు తెచ్చుకొనిరి. మన తెలుగువారును చేతగానివారము గాము. తిరుపతి లడ్డు, హైదరాబాదు హలీము, బంగినపల్లి మామిడి, ఆత్రేయపురము పూతరేకులు, తాండూరు కంది ఆ పట్టికలో నున్నవి. స్కాచి విస్కీగూడ మన దేశపు పట్టికలో చోటు సంపాదించుకొన్నది! తెలంగాణపు తాటిబెల్లమునకు మాత్రము అందు చోటు లేదు. పరదేశి మన చట్టము చదివి మన కచ్చేరిలో తన పేరు వ్రాయించుకొనెను. మనము మన చట్టమును చదువనైన లేదు.

నీరా నిలుచునా యని సందేహించువారికి శాస్త్రమే యుత్తరము చెప్పును. లొట్టిలో సున్నము పూసినను, దింపిన వెంటనే మంచుచల్లదనమున నుంచినను పులియుట నిలుచును. కాచినచో బెల్లమగును. 1934లో మహాత్ముని ప్రేరణచే స్థాపితమైన అఖిల భారత గ్రామపరిశ్రమల సంఘము తాటిబెల్లమును తన కార్యములలో నొకటిగ చేపట్టెను. మద్యనిషేధమును కోరిన మహాత్ముడే చెట్టును కాపాడుమని చెప్పెను. ఇందు వైరుధ్యము లేదు. చెట్టెక్కువాని జీవనమును నిలిపినగాని నిషేధము నిలువదని ఆయన యెరుగును. తెలంగాణ ప్రభుత్వమువారు 2019లో నీరా విధానము ప్రకటించిరి. 2023 మేలో హుస్సేనుసాగరపు టొడ్డున నీరా కేంద్ర మొకటి తెరచిరి. 2024 జూలైలో ఈ రంగారెడ్డి జిల్లాలోనే, గీత కార్మికుల ప్రాణరక్షణకై కాటమయ్య పేర మోకు పరికరముల పంపకమునకు శ్రీకారము చుట్టిరి. ఇవి మంచి యడుగులు. వానిని మేము మనఃపూర్వకముగ నభినందించుచున్నాము. కాని రాష్ట్రమంతటికి దుకాణములు రెండువేలారువందల యిరువది, నీరాకు చూపునట్టిది ఒక్క కేంద్రము! ఏది ప్రభుత్వపు హృదయమో, ఏది ప్రభుత్వపు అలంకారమో పాఠకులే నిర్ణయింతురుగాక.

మేము కోరునవి కొండమీది కోతులు గావు. ఒకటి: తెలంగాణపు తాటిబెల్లమునకును నీరాకును 1999 నాటి భౌగోళిక గుర్తింపుల చట్టము క్రింద పేరు సంపాదించుటకు గీత కార్మిక సహకార సంఘములకు ప్రభుత్వమువారు వ్యయమిచ్చి తోడ్పడవలెను. రెండు: కల్లు డిపోలలోని సరకును నెలనెల పరీక్షించి, ఫలితమును డిపో గోడపై తెలుగులో నంటింపవలెను. మూడు: పొలములు ప్లాట్లగుచోట తాటిచెట్టు కూల్చుటకు 2002 నాటి నీరు, భూమి, చెట్ల చట్టమును నిజముగ నమలు జరిపి, కూలిన ప్రతిచెట్టునకు మారు నాటింపవలెను. నాలుగు: శంషాబాదు విమానాశ్రయములో, ద్వీపపు సీసాల కెదురుగ, మన నీరాకును తాటిబెల్లమునకును ఒక యంగడి ఈయవలెను. దానం గాదు, దయ గాదు. ఈ నేలపై విమానములు దిగుచున్నవి గనుక ఈ నేల పంటకు అక్కడ నిలుచు హక్కు గలదు.

సర్కారునకే సర్వము నప్పగించి మన మూరకుండరాదు. పఠనాలయములలో ఈ పత్రిక చదువు మిత్రులను మేమొకటి వేడుచున్నాము. ఈ నాలుగు కోరికలను తీర్మానములుగ చేసి, ఆబ్కారీ మంత్రికిని విమానాశ్రయ నిర్వాహకులకును పంపుడు. మీ యూరి గీత కార్మికుల సంఘమువారిని సభకు పిలిచి, కుర్చీ వేసి, వారి నోట వారి కష్టము వినుడు. పెండ్లిండ్లలో పరద్వీపపు సీసా వరుసగ పేర్చుట గొప్పతనమని యెంచువారిని చూచి సిగ్గుపడుడు. పండుగనాడు పాకమునకు తాటిబెల్లము దెచ్చుకొనుడు.

ఆ ద్వీపవాసులను మేము ద్వేషింపము. వారినుండి నేర్చుకొందము. వారు తమ చిత్తడిని చూచి సిగ్గుపడలేదు. తమ పొయ్యి పొగను దాచుకొనలేదు. తమ పేరును పరులు దీసికొనకుండ చట్టముతో కంచె కట్టిరి. మనకు చిత్తడి లేదు, తాడు గలదు. పొగ లేదు, తీపి గలదు. లేనిదెల్లయు కంచె మాత్రమే. ఆ కంచె కట్టుటకు పరదేశపు సెలవు అక్కరలేదు. ఇంట గెలిచి రచ్చ గెలువుమన్నారు పెద్దలు. మనము రచ్చలో సుంకములు తగ్గించుకొనుచు, ఇంట చెట్లు కూల్చుకొనుచున్నాము. ఈ వరుస తిరుగబడినప్పుడే స్వదేశీ యను మాటకు శంషాబాదు నేలమీద నర్థ మేర్పడును.